ఒక్కదాన్నే రెండుసార్లు లెక్కపెట్టకుండా ఉండాలంటే

హైదరాబాద్ మెట్రోలో మియాపూర్ నుంచి ఎల్బీ నగర్ దాకా ఎర్ర లైనులో 27 స్టేషన్లు. నాగోల్ నుంచి రాయదుర్గం దాకా నీలం లైనులో 23. జేబీఎస్ నుంచి ఎంజీబీఎస్ దాకా ఆకుపచ్చ లైనులో 9. కూడితే 59 వస్తుంది. కానీ ఈ మూడు లైన్లలో మొత్తం స్టేషన్లు 57 అంటారు. మిగతా రెండూ ఏమయ్యాయి? అమీర్‌పేట ఎర్ర లైను జాబితాలో ఒకసారి, నీలం లైను జాబితాలో ఇంకోసారి పడింది. ఎంజీబీఎస్ కూడా ఎర్రలో ఒకసారి, ఆకుపచ్చలో ఒకసారి పడింది. ఆ రెండింటినీ ఒక్కోసారి తీసేస్తే 57.

మెలిక అంతటితో అయిపోలేదు. నీలం లైనులో పరేడ్ గ్రౌండ్ ఉంది, ఆకుపచ్చ లైనులో జేబీఎస్ పరేడ్ గ్రౌండ్ ఉంది. పేర్లను బట్టి అవి రెండు స్టేషన్లు. లైను మారే ప్రయాణికుడికి మాత్రం అది ఒకే చోటు. చోట్లను లెక్కపెట్టమంటే జవాబు 56 అవుతుంది. 57 తప్పు కాదు, 56 తప్పు కాదు. రెండూ వేరు వేరు ప్రశ్నలకు జవాబులు. సమితుల (అంటే గుంపుల) లెక్కలో మొదటి పని సూత్రం వెతకడం కాదు, దేన్ని లెక్కపెడుతున్నామో తేల్చుకోవడం. పుస్తకాలు దాన్నే మూలకం అంటాయి. ఇల్లా, కుటుంబమా, మనిషా, మీటరా? అది తేలకముందే ఒక్కో గుంపుకు ఒక వృత్తం గీయడం మొదలుపెడితే తర్వాత ఏ సూత్రమూ కాపాడదు.

తెలుగు ప్రత్యయాల్లోనే సగం లెక్క ఉంది

ఈ లెక్కల్లో తప్పులు కూడికలో, తీసివేతలో జరగడం తక్కువ. చదవడంలోనే జరుగుతాయి. అదృష్టం ఏమిటంటే, తెలుగులో పదం చివరి అచ్చు చాలావరకు ఏ గుర్తు వాడాలో చెప్పేస్తుంది. "చాయ్ తాగేవాళ్లు" అంటే చాయ్ వృత్తం మొత్తం. వాళ్లలో కాఫీ తాగేవాళ్లూ ఉండొచ్చు. "చాయే తాగేవాళ్లు" అన్నారంటే ఆ 'ఏ' కాఫీని అవతలికి నెట్టేసింది, చాయ్ వృత్తంలో కాఫీతో కలవని ముక్క మాత్రమే మిగిలింది. "చాయ్ కూడా, కాఫీ కూడా" అంటే ఛేదనం, రెండు వృత్తాలూ కలిసిన చోటు. "చాయో కాఫీయో", "చాయ్ గానీ కాఫీ గానీ" అంటే సమ్మేళనం. అందులో రెండూ తాగేవాళ్లు కూడా లోపలే ఉంటారు. మాటల్లో "చాయా, కాఫీయా?" అని అడిగితే ఒకటే ఎంచుకోమని అర్థం. గణితంలో 'లేదా' అలా కాదు, రెండూ ఉన్నవాళ్లను అది ఎన్నడూ బయటికి పంపదు.

కామాతో జాగ్రత్త. "చాయ్, కాఫీ తాగేవాళ్లు 40 మంది" అన్న వాక్యంలో ఆ 40 ఛేదనమా, సమ్మేళనమా ఎవరూ చెప్పలేరు. ప్రశ్న రాసేది మీరే అయితే ఆ కామాను కొట్టేసి "రెండూ" అనో "ఏదో ఒకటైనా" అనో రాయండి. భాషల మీద సర్వే చేసేటప్పుడు ఇంకో చిక్కు వస్తుంది. "తెలుగూ ఉర్దూ వచ్చినవాళ్లు" అన్నప్పుడు తెలుగుకి దీర్ఘం కనిపిస్తుంది కానీ, ఉర్దూ మాట ఎప్పుడూ దీర్ఘంతోనే ముగుస్తుంది. వేగంగా చదివేవాడికి అది కలిపే దీర్ఘమో, పేరులోని దీర్ఘమో తెలియదు. "రెండు భాషలూ వచ్చినవాళ్లు" అని రాస్తే గొడవ ఉండదు.

అన్నిటికన్నా పెద్ద గోతి 'కాదు' దగ్గర ఉంది. 100 మంది ఉన్న ఒక ఆఫీసులో తెలుగు వచ్చినవాళ్లు 80, ఉర్దూ వచ్చినవాళ్లు 55, ఏ ఒక్కటీ రానివాళ్లు 5 అనుకుందాం. కనీసం ఒకటి వచ్చినవాళ్లు 95. 80, 55 కూడితే 135, అందులోంచి 95 తీస్తే 40. రెండూ వచ్చినవాళ్లు 40 అన్నమాట. తెలుగు మాత్రమే 40, ఉర్దూ మాత్రమే 15. ఇప్పుడు "రెండూ రానివాళ్లు ఎంతమంది?" అంటే మాటల్లో జవాబు 5. కానీ "రెండూ వచ్చినవాళ్లు కాని మిగతావాళ్లు" అంటే 60. ఈ రెండింటి తేడా చెప్పే నియమాలకు బ్రిటిష్ గణితవేత్త డీమోర్గన్ పేరు ఉంది. ఆయన పుట్టింది మదురైలో, 1806లో. ఒక గుంపులో లేని మిగతావాళ్లందరూ దాని పూరకం. సమ్మేళనానికి పూరకం పూరకాల ఛేదనం. ఛేదనానికి పూరకం పూరకాల సమ్మేళనం. మొదటిది 5, రెండోది 60. పరీక్షలో ఆప్షన్లు చూస్తే ఈ రెండు అంకెలూ పక్కపక్కనే కనిపిస్తాయి. ప్రశ్న తయారుచేసేవాళ్లకు ఎక్కడ జారతామో బాగా తెలుసు.

కలిసే చోటు ఎంతో చెప్పనప్పుడు

ఇదే ఆఫీసులో "ఏదీ రానివాళ్లు 5" అన్న ముక్క ఇవ్వకపోతే? రెండూ వచ్చినవాళ్ల సంఖ్య కచ్చితంగా తేలదు కానీ, హద్దులు తేలతాయి. 80, 55 మొత్తం 135. మనుషులు 100 మందే కాబట్టి కనీసం 35 మంది రెండుసార్లు లెక్కలోకి వచ్చి తీరాలి. ఎక్కువలో ఎక్కువ 55, ఎందుకంటే ఛేదనం చిన్న వృత్తాన్ని దాటిపోలేదు. 35కీ 55కీ మధ్య ఎక్కడైనా ఉండొచ్చు. ఏదీ రానివాళ్లు ఒకరు పెరిగితే రెండూ వచ్చినవాళ్లు కూడా ఒకరు పెరగాల్సిందే: ఎవరూ లేకపోతే 35, ఐదుగురైతే 40, ఇరవై మందైతే 55. ఈ జంట కదలిక చూస్తే సూత్రం గుర్తుపెట్టుకునే అవసరమే ఉండదు.

"80 శాతానికి తెలుగు, 55 శాతానికి ఉర్దూ, కాబట్టి రెండూ 44 శాతానికి" అని గుణించేసేవాళ్లు చాలామంది. గుణకారం స్వతంత్ర ఘటనలకే చెల్లుతుంది, దాని సంగతి కిందికి వస్తుంది. హద్దులు మాత్రం ఎప్పుడూ చెల్లుతాయి. మూడు గుంపులకైతే మూడు శాతాలనూ కూడి 200 తీసేయండి: 90, 85, 80 శాతాలైతే మూడింటిలోనూ ఉన్నవాళ్లు కనీసం 55 శాతం. తీసివేత సున్నా కన్నా తగ్గితే కనిష్ఠం సున్నా.

మూడు వృత్తాలు: నడిమి నుంచి బయటికి

ఒక కాలనీలో 240 ఇళ్లు ఉన్నాయనుకుందాం. నగరంలో ఎండాకాలం ఎవరు చేసినా మొదటి సర్వే నీళ్ల మీదే కాబట్టి అదే తీసుకుందాం. నల్లా నీళ్లు వాడే ఇళ్లు 150, బోరు నీళ్లు వాడేవి 118, ట్యాంకరు తెప్పించుకునేవి 74. నల్లా, బోరు రెండూ ఉన్నవి 62. బోరు, ట్యాంకరు రెండూ 27. నల్లా, ట్యాంకరు రెండూ 31. మూడూ వాడే ఇళ్లు 14.

మూడు వృత్తాలు గీసి, ముందు నడిమి ముక్కలో 14 రాయండి. తర్వాత రెండేసి వృత్తాలు కలిసే ముక్కలకు రండి. నల్లా-బోరు 62లో ఆ 14 ఇళ్లు ఇప్పటికే ఉన్నాయి కాబట్టి ట్యాంకరు లేకుండా ఆ రెండే వాడేవి 48. బోరు-ట్యాంకరు 27లోంచి 14 పోతే 13. నల్లా-ట్యాంకరు 31లోంచి 14 పోతే 17. ఆఖరున అంచు ముక్కలు. నల్లా మాత్రమే: 150లోంచి 14, 48, 17 తీసేస్తే 71. బోరు మాత్రమే: 118లోంచి 14, 48, 13 తీస్తే 43. ట్యాంకరు మాత్రమే: 74లోంచి 14, 13, 17 తీస్తే 30. ఏడు ముక్కలూ కూడితే 236. ఏదీ వాడనివి 4. ఏ నీళ్లూ లేకుండా ఇల్లు ఉండదు కదా? అవి తాళాలు వేసిన ఇళ్లు కావచ్చు, లేదా ఫారం ఖాళీగా ఇచ్చినవి కావచ్చు. ఈ మిగులును ఎప్పుడూ ఒకసారి అనుమానంగా చూడాలి.

సూత్రంతో అయితే ఒక్క వరసే: 150 + 118 + 74 − 62 − 27 − 31 + 14 = 236. చివర 14 మళ్లీ కూడడం ఎందుకన్నది చాలామందికి బట్టీ విషయంగానే మిగిలిపోతుంది. మూడూ వాడే ఒక ఇంటి వెంట పోయి చూడండి. మొదటి మూడు అంకెల్లో అది మూడుసార్లు పడింది. జంటలు తీసేటప్పుడు మూడు జంటల్లోనూ ఉంది కాబట్టి మూడుసార్లూ తీసేశాం. ఇప్పుడు దాని లెక్క సున్నా. అందుకే ఒకసారి తిరిగి కలపాలి. రెండే వాడే ఇల్లు రెండుసార్లు పడి, ఒకసారి పోయి, సరిగ్గా ఒకటిగా మిగిలింది. నాలుగు గుంపులైనా ఇదే వరస: ఒక్కోటి కూడు, జంటలు తీసెయ్, మూడేసి కూడు, నాలుగూ కలిసినది తీసెయ్.

ఇక అసలు ప్రమాదం. "నల్లా, బోరు రెండూ ఉన్నవి 62" అన్నదాన్ని "ఆ రెండే ఉన్నవి 62" అని చదివితే ఏమవుతుందో చేసి చూద్దాం. జంట ముక్కల్లో 62, 27, 31 నేరుగా రాసేస్తాం. నల్లా మాత్రమే 43, బోరు మాత్రమే 15, ట్యాంకరు మాత్రమే 2 వస్తాయి. ఏడు ముక్కల మొత్తం 194, ఏదీ వాడనివి 46. ఎక్కడా రుణ సంఖ్య రాలేదు, ఎక్కడా భిన్నం రాలేదు, లెక్క హాయిగా కుదిరింది. కానీ పూర్తిగా తప్పు. చాలామంది రుణ సంఖ్య వస్తేనే తప్పు చదివామని తెలుసుకుంటారు. అంకెలు ఇలా సర్దుకుపోతే ఆ గంట మోగదు. ఇక్కడ పట్టిచ్చింది 46 ఒక్కటే. 46 ఇళ్లకు అసలు నీళ్లే లేవంటే ఏ కాలనీలోనూ నమ్మరు. కథను బట్టి జవాబు నమ్మదగినదేనా అని చూసుకోవడం సూత్రమంత అవసరం. రెండు చదువుల మధ్య తేడా ఎప్పుడూ నడిమి అంకెకు మూడు రెట్లు: 46లోంచి 4 పోతే 42, అంటే 14 మూడుసార్లు.

నింపిన తర్వాత ఒక తనిఖీ చేయండి. ఒకే వనరు ఉన్న ఇళ్లు 71 + 43 + 30 = 144. రెండు ఉన్నవి 48 + 13 + 17 = 78. మూడు ఉన్నవి 14. 144ను ఒకటితో, 78ని రెండుతో, 14ను మూడుతో గుణించి కూడితే 144 + 156 + 42 = 342. మొదట ఇచ్చిన 150, 118, 74 మొత్తం కూడా 342. ఇది కుదరకపోతే ఎక్కడో ఒక ముక్క చెడింది. "కనీసం రెండు" అడిగితే 78, 14 కలిపి 92. "కచ్చితంగా రెండు" అంటే 78. "ఒకటికి మించనివి" అంటే 144తో పాటు ఆ 4 తాళాల ఇళ్లూ వస్తాయి, 148. ఆ నాలుగింటిని మరిచిపోవడం మామూలే.

ఇచ్చిన అంకెలే అసాధ్యమైనవి కావచ్చు. దానికో పరీక్ష: ఏ వృత్తమైనా తీసుకుని, దాని రెండు జంటలు కూడి, నడిమి అంకె తీసేయండి. వచ్చినది ఆ వృత్తం కన్నా పెద్దదైతే సమాచారంలోనే తప్పు ఉంది. ట్యాంకరు వృత్తానికి 27 + 31 − 14 = 44, అది 74 లోపే ఉంది. సరే.

ఫారాలు చేతిలో ఉంటే వృత్తాలే వద్దు

పరీక్షలో అంకెలు కూడి ఇస్తారు. బయట ఫారాలే వస్తాయి. అప్పుడు మొత్తాలు తీసి మళ్లీ తీసివేతలు చేయడం బుద్ధితక్కువ పని. ఎక్సెల్‌లోనో గూగుల్ షీట్‌లోనో ఇంటికి ఒక వరస పెట్టి, నల్లా ఉంటే 4, బోరు ఉంటే 2, ట్యాంకరు ఉంటే 1, లేకపోతే 0 వేసి మూడూ కూడండి. ప్రతి ఇంటికీ 0 నుంచి 7 దాకా ఒక్కటే కోడు వస్తుంది, ఏ రెండు కలయికలకూ ఒకే కోడు రాదు. తర్వాత ఒక్కో కోడు ఎన్నిసార్లు వచ్చిందో షీటులోని కౌంటిఫ్ ఫార్ములాతో లెక్కపెడితే వెన్ చిత్రంలో, అంటే ఆ మూడు వృత్తాల బొమ్మలో, బయటి భాగంతో కలిపి ఎనిమిది ముక్కలూ తయారు. మన కాలనీలో 7 వచ్చినవి 14, 6 వచ్చినవి 48, 5 వచ్చినవి 17, 3 వచ్చినవి 13, 4 వచ్చినవి 71, 2 వచ్చినవి 43, 1 వచ్చినవి 30, 0 వచ్చినవి 4. మొత్తం 240. ఒక ఇల్లు ఒకే కోడులో ఉంటుంది కాబట్టి అతివ్యాప్తి అన్న సమస్యే పుట్టదు.

నాలుగో వనరు, క్యాన్ నీళ్లు, చేరితే 8 వేయండి. కోడ్లు 0 నుంచి 15 దాకా వెళతాయి. కాగితం మీదైతే ఇక్కడే చాలామంది బోర్లా పడతారు. నాలుగు వృత్తాలను ఎలా తిప్పి గీసినా బయటి భాగంతో కలిపి 14 ముక్కలకు మించి రావు, కావలసింది 16. రెండు కలయికలకు చోటే ఉండదు. దీర్ఘవృత్తాలతోనైతే కుదురుతుంది కానీ, కోడు పట్టిక దానికన్నా నయం.

షీటులో చెడేది ఎక్కువగా ఇంటి గుర్తింపు దగ్గరే. భర్త ఒక ఫారం, భార్య ఒక ఫారం నింపితే ఒకే ఇల్లు రెండు వరసలు అవుతుంది. డోర్ నంబరుతో డూప్లికేట్లు తీద్దామంటే, హైదరాబాద్ డోర్ నంబర్లు స్ప్రెడ్‌షీటుకు శత్రువులు. 3-6-23 అని కొట్టగానే అది దాన్ని తేదీగా మార్చేస్తుంది. టైపు చేయడం మొదలుపెట్టకముందే ఆ కాలమ్‌ను టెక్స్ట్ ఫార్మాట్‌లో పెట్టాలి. తర్వాత మార్చితే పోయిన నంబరు తిరిగి రాదు. ఒకరు 'బై 1' అని, ఒకరు గీతతో, ఒకరు ఖాళీ వదిలి రాస్తారు. ముందే ఒక పద్ధతి పెట్టండి. ఖాళీ గడికీ సున్నాకూ తేడా కూడా ఉంది: సున్నా అంటే "లేదు", ఖాళీ అంటే "చెప్పలేదు". రెండింటినీ కలిపేస్తే ఆ 4 ఇళ్ల సంగతి ఎప్పటికీ తేలదు.

గుణిజాల లెక్క

ఇందులో పెద్దగా చెప్పాల్సింది లేదు, ఒక్క గొయ్యి తప్ప. 1 నుంచి 500 దాకా 4తో గానీ 6తో గానీ భాగింపబడేవి ఎన్ని? 4 గుణిజాలు 125, 6 గుణిజాలు 83. రెండింటి గుణిజాలు అనగానే 24తో భాగించేస్తారు. కావలసింది కసాగు (కనిష్ఠ సామాన్య గుణిజం), అంటే 12. 12 గుణిజాలు 41. జవాబు 125 + 83 − 41 = 167. 24తో పోతే 188 వస్తుంది, ఆప్షన్లలో అదీ ఉంటుంది.

సంభావ్యత అంటే అదే వృత్తం, మొత్తంతో భాగించాక

తెలంగాణ పదో తరగతి గణితంలో సమితులు రెండో అధ్యాయం, సంభావ్యత పదమూడో అధ్యాయం. మధ్యలో పది అధ్యాయాలు రావడంతో ఈ రెండూ వేరు వేరు విద్యలనుకుంటారు పిల్లలు. నిజానికి పెద్ద తేడా లేదు. ప్రతి ఇంటికీ సమాన అవకాశం ఉండేలా చీటీ తీస్తే, నల్లా ఉన్న ఇల్లు వచ్చే సంభావ్యత 150/240. నల్లా గానీ బోరు గానీ ఉన్నది వచ్చే సంభావ్యత (150 + 118 − 62)/240, అంటే 206/240. సూత్రం అదే, కింద 240 చేరింది. 'సమాన అవకాశం' అన్న మాటను మాత్రం దాటేయకండి. పగలు తలుపు తీసిన ఇళ్లలోంచే ఎంచుకుంటే ఈ భిన్నాలు చెల్లవు.

'తెలిస్తే', 'అయితే', 'వాళ్లలో' అన్న మాటలు ప్రశ్నలో కనిపిస్తే హారం మారిపోతుంది. నల్లా ఉన్న ఇళ్లలో ట్యాంకరు తెప్పించుకునేవి 31/150, దాదాపు 21 శాతం. ట్యాంకరు తెప్పించుకునే ఇళ్లలో నల్లా ఉన్నవి 31/74, దాదాపు 42 శాతం. పైన అదే 31, కిందిది వేరు. నల్లా లేని 90 ఇళ్లలో ట్యాంకరు వాడేవి 43, దాదాపు 48 శాతం. "ట్యాంకరు వాళ్లలో 42 శాతానికి నల్లా ఉంది" అన్నదాన్ని "నల్లా ఉన్నవాళ్లలో 42 శాతం ట్యాంకరు తెప్పిస్తున్నారు" అని తిప్పి రాస్తే సమస్య రెండింతలై కనిపిస్తుంది. హారం ఎవరో చెప్పమని అడిగే అలవాటు ఉంటే ఇలాంటివి అక్కడికక్కడే దొరుకుతాయి.

నల్లా, ట్యాంకరు స్వతంత్రమా? అయి ఉంటే రెండూ ఉన్న ఇళ్లు 240 × (150/240) × (74/240), అంటే 46 చిల్లర ఉండాలి. ఉన్నవి 31. నల్లా ఉన్నవాళ్లకు ట్యాంకరు అవసరం తక్కువ కాబట్టి ఇది సహజమే. 80 శాతాన్ని 55 శాతంతో గుణించకూడదన్నది ఇందుకే: గుణించామంటే ఒకదానికీ ఇంకోదానికీ సంబంధం లేదని మనమే తీర్పు చెప్పినట్టు.

తంబోలా మేజా మీద

అపార్ట్‌మెంట్ పార్టీల్లో ఆడే తంబోలా ఈ లెక్కలకు మంచి బడి. 1 నుంచి 90 నంబర్లు, టికెట్‌కు 15 నంబర్లు; ఒక్కో నంబరు తీసి పిలుస్తుంటే మీ టికెట్‌లో ఉన్నది కొట్టేసుకోవాలి. మొదటి పిలుపు మీ టికెట్‌లో ఉండే అవకాశం 15/90, ఆరో వంతు. మొదటి ఆరు పిలుపుల్లో కనీసం ఒకటి తగిలే అవకాశం ఎంత? ఆరో వంతును ఆరుసార్లు కూడితే 1, అంటే తగిలి తీరాలి. ఆడినవాళ్లకు తెలుసు, ఆరు పిలుపులు అయిపోయినా టికెట్ తెల్లగానే ఉండే సందర్భాలు ఎన్నో. తప్పు ఎక్కడంటే, రెండో పిలుపూ నాలుగో పిలుపూ రెండూ తగిలిన ఆటను రెండుసార్లు లెక్కపెట్టాం. మళ్లీ అమీర్‌పేటే.

కూడికా తీసివేతలతో సరిచేయొచ్చు కానీ, ఆరు ఘటనలకు అది పెద్ద తలనొప్పి. 'కనీసం ఒకటి' అన్నప్పుడు పూరకం వైపు నుంచి రండి: ఒక్కటీ తగలకపోవడం ఎంత? మీ టికెట్‌లో లేని నంబర్లు 75. మొదటిది 75/90, పిలిచింది తిరిగి వేయరు కాబట్టి తర్వాత 74/89, ఆ తర్వాత 73/88, 72/87, 71/86, 70/85. అన్నీ గుణిస్తే దాదాపు 0.323. అంటే కనీసం ఒకటి తగిలే సంభావ్యత 0.677. మూడింట ఒక వంతు ఆటల్లో ఆరు పిలుపుల తర్వాత కూడా మీకేమీ ఉండదు. మరి కూడితే వచ్చిన ఆ 1 ఏమిటి? అది సంభావ్యత కాదు, సగటు: ఆరు పిలుపుల్లో సగటున ఒక్క నంబరు తగులుతుంది. కూడినప్పుడు వచ్చేది ఎప్పుడూ ఆ సగటే. ఏడు పిలుపులకు అది 1 దాటుతుంది, అక్కడైనా అనుమానం రావాలి.

టికెట్లు రెండు కొంటే? ఆరు టికెట్లున్న పూర్తి షీటులో 1 నుంచి 90 దాకా ప్రతి నంబరూ ఒకే ఒక్కసారి వస్తుంది. ఒకే షీటులోని రెండు టికెట్లు వియుక్త సమితులు, కలిసే చోటే లేదు. అక్కడ నిర్భయంగా కూడొచ్చు: మొదటి పిలుపు రెండింటిలో దేంట్లోనైనా తగిలే అవకాశం 30/90. వేరు వేరు షీట్ల నుంచి కొని, రెండింటిలో 4 నంబర్లు ఒకటే అయితే 26/90 మాత్రమే. మొదటి పిలుపు వరకైతే ఒకే షీటు నుంచి కొనడం మేలు.

పరస్పర వివర్జిత (రెండూ ఒకేసారి జరగలేని) ఘటనలనూ స్వతంత్ర ఘటనలనూ కలగలిపేసేవాళ్లకు కూడా ఇదే మేజా. ఒకే షీటులోని రెండు టికెట్లు ఒకదానికొకటి తగలవు కాబట్టి స్వతంత్రం అనుకుంటారు. ఉల్టా. పిలిచిన నంబరు మీ టికెట్‌లో ఉందని తెలిసిన క్షణాన అదే షీటులోని రెండో టికెట్‌లో ఉండే అవకాశం ఆరో వంతు నుంచి సున్నాకి పడిపోయింది. ఒకటి తెలిస్తే రెండోదాని గురించి అంతా తెలిసిపోయింది, అంతకన్నా పెద్ద సంబంధం ఏముంటుంది?

నంబర్లలోనే నిజమైన స్వతంత్రం దొరుకుతుంది. మొదటి పిలుపు సరి సంఖ్య అయ్యే అవకాశం 45/90, 5 గుణిజం అయ్యే అవకాశం 18/90, రెండూ అయ్యేవి 10 నుంచి 90 దాకా తొమ్మిది. 1/2ను 1/5తో గుణిస్తే 1/10. 9/90 కూడా అదే. స్వతంత్రం. ఆ పిలుపులో 90 వచ్చేసిందనుకోండి, దాన్ని పక్కన పెట్టారు. ఇప్పుడు 89 నంబర్లలో సరి సంఖ్యలు 44, 5 గుణిజాలు 17, రెండూ అయినవి 8. గుణిస్తే 0.0944, నిజానికి ఉన్నది 0.0899. ఒక్క నంబరు తీసేయగానే స్వతంత్రం పోయింది.

మరి వేరు వేరు షీట్లలోని రెండు టికెట్లు? మొదటి పిలుపు వరకు అవి స్వతంత్రం కావాలంటే ఉమ్మడి నంబర్లు 15 × 15 ÷ 90, అంటే రెండున్నర ఉండాలి. రెండు ఉంటాయి, మూడు ఉంటాయి, రెండున్నర ఉండవు. కాబట్టి ఏ రెండు టికెట్లు తీసుకున్నా మొదటి పిలుపుకు అవి స్వతంత్రం కావు.